కాంచనమాల

తెలుగు చలనచిత్రానికి మాట వచ్చింది 1932లో. హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వంలో వెలువడిన ‘భక్తప్రహ్లాద’ పూర్తిగా తెలుగులో తయారైన తొలి టాకీ. అందులో లీలావతి పాత్ర ధరించిన సురభి కమలాబాయి నాటకరంగం నుంచి వచ్చిన కళాకారిణి. ఆ తరువాతి పదేళ్లలో తెలుగు తెరమీద వెలిగిన కథానాయికలు పలువురు. వారిలో కొద్దికాలమే నటించి చిరకాలం జనుల నోట నిలిచిన పేరు కాంచనమాలది. 1935లో ఆమె తెరకు పరిచయమైంది. 1942 డిసెంబరులో విడుదలైన ‘బాలనాగమ్మ’తో ఆమె కథానాయిక జీవితం ముగిసింది. అప్పటికి ఆమె వయస్సు ఇరవై ఐదేళ్లు.

కాంచనమాల 1917లో గుంటూరు జిల్లా తెనాలి ప్రాంతంలో జన్మించింది. ఆంధ్రా ప్యారిస్‌గా పేరు పొందిన తెనాలి నాటకానికి పుట్టినిల్లు వంటిది. అక్కడి శ్రీరామవిలాస సభ ప్రదర్శనలను చూడడానికి చుట్టుపక్కల గ్రామాలనుంచి ప్రజలు బండ్లు కట్టుకొని వచ్చేవారు. అయితే ఆ రంగస్థలంమీద స్త్రీ పాత్రలు ఎక్కువగా పురుషులవే. స్థానం నరసింహారావు సత్యభామగా నిలబడితే స్త్రీలు సైతం ఆయన నడకను చూసి ముచ్చటపడేవారు. సురభి సమాజాలవంటి కుటుంబ బృందాలను మినహాయిస్తే స్త్రీ నటించడమనేది లోకం మెచ్చే పని కాదు. మాట్లాడే సినిమా వచ్చిన తరువాత పరిస్థితి మారింది. కెమెరా ముఖానికి చేరువగా వస్తుంది. దూరపు వేదికమీద ఒప్పిన వేషం అంత సమీపాన ఒప్పదు. కాబట్టి తెరకు స్త్రీలు అవసరమయ్యారు. ఆ అవసరం పుట్టిన వేళకు కాంచనమాల వయస్సుకు వచ్చింది.

ఆనాడు నటికి రూపం ఒక్కటే చాలదు, గానం కూడా రావాలి. నేపథ్యగానం ఇంకా వాడుకలోకి రాలేదు. ఎవరి పాట వారే, కెమెరా ముందు అభినయిస్తూనే పాడుకోవాలి. వాద్యకారులు కెమెరాకు కనబడకుండా పక్కన కూర్చొని వాయించేవారు. పాట మధ్యలో శ్రుతి తప్పినా, అడుగు తడబడినా అంతా మళ్లీ మొదటికి రావలసిందే. కాంచనమాలకు సంగీతం తెలుసు. ఆమెకు తొలి అవకాశాలు దొరకడానికి అందం ఎంత కారణమో కంఠమూ అంతే కారణం. ఈ సంగతిని ఆమె అందాన్ని వర్ణించేవారు తరచుగా మరచిపోతుంటారు.

1935లో ‘శ్రీకృష్ణ తులాభారం’లో ఆమె చిన్న పాత్రతో ప్రవేశించింది. మరుసటి సంవత్సరం ‘వీరాభిమన్యు’లో ఉత్తర పాత్ర ధరించింది. 1937లో వచ్చిన ‘విప్రనారాయణ’లో ఆమె దేవదేవి. ఈ కథ తెలుగువారికి కొత్తది కాదు. గోల్కొండ ప్రభువుల కాలంలో సారంగు తమ్మయ్య దీనినే ‘వైజయంతీ విలాసం’ అనే ప్రబంధంగా రచించాడు. శ్రీరంగంలో పూలతోట పెంచుకుంటూ రంగనాథుని సేవలో మునిగిన భక్తుణ్ణి తనవైపు తిప్పుకోగలనని పంతం పట్టిన వేశ్య, తానే అతని ప్రేమకు కట్టుబడిపోవడం ఇందులోని ఘట్టం. పంతం, వలపు, పశ్చాత్తాపం మూడూ ఒకే పాత్రలో చూపవలసి ఉంటుంది. ఇరవై ఏళ్ల నటికి ఇది చిన్న పరీక్ష కాదు.

1938 ఆమె జీవితంలో ముఖ్యమైన సంవత్సరం. ఆ ఏడాది రెండు చిత్రాలు ఆమెను రెండు విభిన్న రూపాలలో చూపాయి. మొదటిది హెచ్.ఎం. రెడ్డి దర్శకత్వం వహించిన ‘గృహలక్ష్మి’. ఇల్లాలు రాధగా కన్నాంబ నటించింది. ఆమె భర్తయైన డాక్టరును వలలో వేసుకొని సంసారాన్ని కూల్చే నర్తకి మాధురి పాత్ర కాంచనమాలది. చిత్తూరు నాగయ్య తెరకు పరిచయమైనది కూడా ఈ చిత్రంతోనే. ప్రేక్షకుల సానుభూతి సహజంగా కన్నాంబకు దక్కింది. దుష్ట పాత్ర ధరించిన యువతికి జనం ఏవగింపు మిగలడం ఆనాటి రివాజు. కాంచనమాల విషయంలో అలా జరగలేదు. ఆ సంవత్సరం ముగియకముందే ఆమెను జనం మరొక పాత్రలో గుండెలకు హత్తుకున్నారు.

ఆ పాత్ర సంపాలత, ఆ చిత్రం ‘మాలపిల్ల’. దర్శకుడు గూడవల్లి రామబ్రహ్మం అంతకుముందు ‘ప్రజామిత్ర’ పత్రిక నడిపిన సంస్కరణవాది. చల్లపల్లి రాజా అండతో ఏర్పడిన సారథి సంస్థ దీనిని నిర్మించింది. హైదరాబాదు అమీర్‌పేటలో తరువాతి కాలంలో వెలసిన సారథి స్టూడియో పేరులో వినిపించేది ఆ సంస్థ పేరే. కథ గుడిపాటి వెంకటచలానిది, సంభాషణలు తాపీ ధర్మారావువి.

ఆ చిత్రం వచ్చిన కాలాన్ని గుర్తుంచుకోవాలి. గాంధీజీ హరిజన యాత్రలో భాగంగా ఆంధ్రదేశంలో పర్యటించినది 1933 చివర, 1934 ఆరంభంలో. తిరువాన్కూరు సంస్థానం తన ఆలయాల తలుపులు అందరికీ తెరిచినది 1936లో. మద్రాసు రాష్ట్రంలో ఆలయ ప్రవేశానికి చట్టం వచ్చినది 1939లో. అంటే ‘మాలపిల్ల’ విడుదలయ్యేనాటికి మద్రాసు రాష్ట్రంలో ఆ చట్టం ఇంకా రాలేదు. గుడి మెట్లు ఎక్కరాదన్న కట్టుబాటు ఊరూరా అమలులో ఉంది. అటువంటి వేళ, పూజారుల కుటుంబంలోని యువకుడు నాగరాజు, ఊరి వెలుపలి వాడలోని సంపాలత ప్రేమించుకొన్న కథను రామబ్రహ్మం తెరకెక్కించాడు. నాగరాజు తండ్రి సుందరరామశాస్త్రిగా డాక్టర్ గోవిందరాజుల సుబ్బారావు నటించాడు. ప్రేమికులు ఊరు విడిచి కలకత్తా చేరతారు. అక్కడ సంపాలత చదువుకుంటుంది. ఇక్కడ ఊళ్లో శాస్త్రి భార్య అగ్నిప్రమాదంలో చిక్కుకున్నప్పుడు, ఆయన అంటరానివారని దూరం పెట్టినవారే ప్రాణాలకు తెగించి ఆమెను కాపాడతారు. శాస్త్రి మనస్సు మారుతుంది.

సనాతనులు ఈ చిత్రాన్ని తీవ్రంగా నిరసించారు. ప్రజలు మాత్రం విరగబడి చూశారు. ఈ విజయంలో కథాబలం ఎంతో, కాంచనమాల పాలు అంత. సంపాలత జాలికోసం చేయి చాచే అబల కాదు. మొదటి సగంలో ఆమె పల్లెటూరి పిల్ల. చీరకట్టు, నడక, పలుకు అన్నీ వాడలోనివే. రెండవ సగంలో పట్టణపు చదువు చదివిన నాగరిక యువతి. చేతులు లేని రవికతో, కొత్త తీరు అలంకరణతో ఆమె తెరమీద కనిపించినప్పుడు ప్రేక్షకులు విస్తుపోయారు. పెద్దలు ముక్కున వేలు వేసుకున్నారు, యువతులు ఆ అలంకరణను అనుకరించారు. వేషం మారినంతనే మనిషి మారినట్లు నటించే పొరపాటు కాంచనమాల చేయలేదు. రెండు సగాలలోనూ సంపాలత ఒక్కతే అన్న నమ్మకం కలుగుతుంది.

భాష విషయంలోనూ ఈ చిత్రానికి ప్రత్యేకత ఉంది. అంతకుముందరి టాకీలలో పాత్రలు నాటకాల పద్ధతిలో గ్రాంథికం పలికేవి, పద్యాలు రాగాలు తీసి చదివేవి. తాపీ ధర్మారావు ఒకప్పుడు గ్రాంథికవాది. తరువాత వాడుకభాషకు మారి, తాను సంపాదకత్వం వహించిన ‘జనవాణి’ పత్రికలో దానినే నిలబెట్టినవాడు. ‘మాలపిల్ల’లో ఆయన పాత్రలచేత ఇంట్లో మాట్లాడుకునే తెలుగు పలికించాడు. దేవదేవిగా పౌరాణిక ఫక్కిలో నటించిన కాంచనమాల ఏడాది తిరిగేసరికి పల్లెపడుచు మాటతీరును అలవరచుకోవలసి వచ్చింది. రాగాలు తీసి పలకడానికి అలవాటుపడిన నాలుకకు మామూలు మాట మామూలుగా పలకడం కష్టం. ఆమె ఆ కష్టాన్ని కనబడనీయలేదు. తెలుగు తెరమీద సహజ సంభాషణకు తొలి గొంతులలో ఆమెది ఒకటి.

1939లో బి.ఎన్. రెడ్డి వాహినీ సంస్థ తొలి చిత్రంగా ‘వందేమాతరం’ తీశాడు. దానికి ‘మంగళసూత్రం’ అనే పేరు కూడా ఉంది. నాగయ్య కథానాయకుడు, కాంచనమాల కథానాయిక. చదువుకొని ఉద్యోగం దొరకక పట్నం దారి పట్టిన రఘుకు లాటరీలో పెద్ద మొత్తం వస్తుంది. అతడు తిరిగి వచ్చేసరికి అత్తపోరు పడలేక భార్య జానకి ఇల్లు విడిచిపోతుంది. బిడ్డతో పట్నం చేరి పూలు అమ్ముకొని బతుకుతుంది. అటు భర్త సంపన్నుడు, ఇటు భార్య పూలమ్మి. ‘గృహలక్ష్మి’లో సంసారం కూల్చిన యువతియే ఏడాది గడిచేసరికి సంసారం చెదరిన ఇల్లాలుగా కంటతడి పెట్టించింది.

1940లో రామబ్రహ్మం దర్శకత్వంలో ‘ఇల్లాలు’, అదే సంవత్సరం ‘మైరావణ’ వచ్చాయి. సాలూరు రాజేశ్వరరావు తెలుగులో సంగీత దర్శకుడుగా తొలి అడుగులు వేసినది ‘ఇల్లాలు’తోనే. ఈ నాటికి కాంచనమాల రూపం సినిమాహాలు దాటి బయటికి వచ్చింది. క్యాలెండర్లమీద ఆమె బొమ్మ అచ్చయి, ఎన్నడూ సినిమా చూడని ఇళ్లలోని గోడలకు సైతం ఎక్కింది. అందమైన పిల్లను కాంచనమాలతో పోల్చడం ఒక నానుడి అయింది. ఆ బొమ్మ ఎక్కడ ఎన్ని ప్రతులు అచ్చయినా అందులో ఆమె చేతికి ఏమి వచ్చేదని ఎవరూ ఆలోచించలేదు.

మద్రాసులో ఎస్.ఎస్. వాసన్ జెమినీ స్టూడియో స్థాపించినది 1941లో. బుర్రకథలుగా పల్లెపల్లెకూ తెలిసిన బాలనాగమ్మ కథను ఆయన భారీగా నిర్మించదలచాడు. దర్శకుడు చిత్తజల్లు పుల్లయ్య. నాయికగా కాంచనమాల, కార్యవర్ధి రాజుగా బందా కనకలింగేశ్వరరావు, సంగుగా పుష్పవల్లి, మాయల మరాఠీగా గోవిందరాజుల సుబ్బారావు. ‘మాలపిల్ల’లో కోడలిగా ఒప్పుకోనన్న శాస్త్రి, ఇక్కడ ఎత్తుకుపోయి చెరలో పెట్టిన మరాఠీ. తెనాలిలో వైద్యం చేసుకుంటూ నాటకాలాడిన ఆయనే రెండు సందర్భాలలోనూ ఆమెకు ఎదురు నిలిచాడు. కుక్కగా మారి భిక్షకు వచ్చిన మాంత్రికుని వెంట పోవలసి వచ్చిన బాలనాగమ్మ, వ్రతం పేరు చెప్పి ఏళ్ల తరబడి అతణ్ణి దూరంగా ఉంచుతుంది. కొడుకు బాలవర్ధి పెరిగి వచ్చి విడిపించేవరకు ఓపిక పడుతుంది.

యుద్ధకాలమది. జపాను దాడి భయంతో 1942 ఏప్రిల్‌లో మద్రాసు నగరం దాదాపు ఖాళీ అయింది. అటువంటి సంవత్సరం చివర విడుదలైన ‘బాలనాగమ్మ’ అఖండ విజయం సాధించింది. జెమినీకి లాభాలు తెచ్చింది. నాయికకు మాత్రం అదే ఆఖరి పెద్ద చిత్రమైంది.

ఆ రోజులలో స్టూడియోలు నటీనటులను నెలజీతాలమీద, కొన్నేళ్ల ఒప్పందాలమీద నియమించుకొనేవి. ఒప్పందం సాగినంతకాలం మరొక సంస్థకు నటించరాదు. వేషం ఇవ్వడం, ఇవ్వకపోవడం యజమాని ఇష్టం. కాంచనమాల కూడా జెమినీతో అటువంటి పత్రంమీద సంతకం చేసింది. ‘బాలనాగమ్మ’ నిర్మాణకాలంలో ఆమెకూ వాసన్‌కూ మధ్య అభిప్రాయభేదాలు వచ్చాయనీ, మాట పెరిగి ఆమె ఆ పత్రాన్ని చింపివేసిందనీ, అది నకలు మాత్రమే కావడంతో అసలు పత్రం సంస్థ చేతిలోనే ఉండిపోయిందనీ సినిమా చరిత్రకారులు చెబుతూ వచ్చారు. సంస్థ ఆమెకు వేషం ఇవ్వలేదు, బయట వేషం వేయనీయలేదు అన్నది ఆ కథనంలోని సారాంశం. ఆ గదిలో జరిగిన సంభాషణకు ఎన్ని రూపాంతరాలున్నా ఫలితం ఒక్కటే. 1942 తరువాత ఆమె కథానాయికగా తెరమీద కనిపించలేదు.

కోపంలో చేసిన పనికి తప్పు ఆమెదే అనేవారు అప్పుడూ ఉన్నారు, తరువాతా ఉన్నారు. ఆ తీర్పు తొందరపాటే. న్యాయవాదిని పెట్టుకొని షరతు షరతూ చదివించుకొని సంతకం చేసే అలవాటు ఆనాటి నటీమణులకు లేదు. వారి తరఫున మాట్లాడడానికి సంఘమూ లేదు. కన్నాంబ భర్తతో కలిసి సొంత నిర్మాణసంస్థ పెట్టుకొని నిలదొక్కుకోగలిగింది. భానుమతి ఆ తరువాత స్టూడియోకే యజమానురాలైంది. కాంచనమాలకు అటువంటి ఆసరా ఏర్పడలేదు. వేలాది ఇళ్ల గోడలమీద ఉన్న ముఖానికి పని చేసుకొనే స్వేచ్ఛ ఒక కాగితంలో చిక్కుపడిపోయింది.

ఈ దెబ్బకు ఆమె మనస్సు చలించింది. క్రమంగా మతిస్థిమితం తప్పింది. మానసిక వ్యాధిని జబ్బుగా గుర్తించి వైద్యం చేయించే అవగాహన ఆ కాలంలో చాలా తక్కువ. చుట్టూ చేరిన అభిమానులు చెదరిపోయారు. తెలుగు సినిమా మాత్రం ఆగలేదు. నేపథ్యగానం వచ్చింది, రంగులు వచ్చాయి, కొత్త నాయికలు వచ్చారు. ఒకప్పటి ప్రేక్షకులు తమ పిల్లలకు ఆమె అందాన్ని గురించి కథలు చెప్పేనాటికి, ఆ అందగత్తె మద్రాసులోనే తన్ను తాను మరచి జీవిస్తూ ఉంది.

ఆమెను మరవని సహృదయులలో నటి లక్ష్మీరాజ్యం ముఖ్యురాలు. ఆ తరంలోనే తెరకు వచ్చిన లక్ష్మీరాజ్యం తరువాతి కాలంలో భర్త శ్రీధరరావుతో కలిసి రాజ్యం పిక్చర్స్ స్థాపించింది. 1963లో ఆ సంస్థ కమలాకర కామేశ్వరరావు దర్శకత్వంలో ‘నర్తనశాల’ నిర్మించింది. సెట్టు దీపాలు, కెమెరా, ముఖానికి రంగు చూస్తే పాత జ్ఞాపకాలు తిరిగి వస్తాయేమోనన్న ఆశతో కాంచనమాలను అందులో ఒక చిన్న పాత్రలో కనిపించేలా చేశారు. ఇరవై సంవత్సరాల తరువాత ఆమె మళ్లీ కెమెరా ముందు నిలబడింది. ఆశించినది జరగలేదు. ఆమె మనస్సు కుదుటపడలేదు.

విరాటపర్వ కథయైన ఆ చిత్రం ఉత్తరాభిమన్యుల వివాహంతో ముగుస్తుంది. ఉత్తరగా ఎల్. విజయలక్ష్మి, అభిమన్యుడుగా శోభన్‌బాబు నటించారు. ఇరవై ఏడేళ్లకు పూర్వం అదే ఉత్తర పాత్రను ధరించిన కాంచనమాల ఆ చిత్రంలో కొద్ది క్షణాలు మాత్రం కనబడుతుంది. ఎవరో చూపి చెబితే తప్ప చాలామంది ఆమెను గుర్తుపట్టలేరు. ఆ తరువాత ఆమె నటించలేదు. 1981 జనవరి 24న మద్రాసులో మరణించింది.