రసాయన పరీక్ష తప్పిన అనిబిసెంట్

మదనపల్లెలో 1915లో దివ్యజ్ఞాన కళాశాలను నెలకొల్పిన శ్రీమతి అనిబిసెంట్‌ను హోంరూల్ నాయకురాలిగా అందరూ ఎరుగుదురు. బంగారం, గంధకం వంటి మూలకాలను వర్గీకరించడానికి కూడా ఆమె పూనుకున్న సంగతి తెలిసినవారు తక్కువ.

1847లో లండన్‌లో పుట్టిన ఆమె, ఇద్దరు బిడ్డల తల్లి అయ్యాక సైన్సు డిగ్రీకి చదివారు. రసాయనశాస్త్రం ప్రాక్టికల్‌లో మూడుసార్లు తప్పారు. తాను నాస్తికురాలు కావడంవల్లే తప్పించారని ఆమె రాసుకున్నారు. డిగ్రీ రానేలేదు.

1893లో భారతదేశం వచ్చారు. దివ్యదృష్టితో పరమాణువులను చూశామంటూ సహచరుడు లెడ్‌బీటర్‌తో కలిసి 1908లో పుస్తకం వేశారు. డంబెల్, ఘనం, నక్షత్రం వంటి ఆకారాలను బట్టి మూలకాలను జట్లు కట్టారు. హైడ్రోజన్‌లో 18 కణాలున్నాయన్నారు.

అప్పటికే రష్యాలో మెండలీవ్ బరువులను, గుణాలను బట్టి 1869లో పట్టిక వేశారు. సిలికాన్ కింద ఖాళీ గడి ఉంచి, అక్కడికి రావలసిన మూలకం ఎలా ఉంటుందో 1871లోనే చెప్పారు. 1886లో జర్మేనియం దొరికింది. దాని గుణాలు ఆయన చెప్పినవాటికి దాదాపు సరిపోయాయి. కుప్పం వైపు చిగురుగుంటలో ఒకప్పుడు తవ్విన బంగారం లోహం. పుంగనూరు వాగుల ఇసుకలోని సిలికాన్ అటు లోహమూ కాదు, ఇటు అలోహమూ కాదు, అర్ధలోహం. జర్మేనియమూ అంతే. ట్రాన్సిస్టర్ రేడియో పలికింది ఈ రెంటి పుణ్యానే.

బిసెంట్ చెప్పిన ఆకారాలు ఏ ప్రయోగశాలలోనూ రుజువు కాలేదు. 1933లో ఆమె అడయారులో కన్నుమూశారు. ఆమె పేరు పెట్టుకున్న మదనపల్లె కళాశాలలో పిల్లలు చదివేది మాత్రం మెండలీవ్ బాటలో వచ్చిన పట్టికనే.