ప్రశాంతచంద్ర మహలనోబిస్

సికింద్రాబాదులోని సీతాఫల్‌మండికి పేరులోనే పండ్లమండి కలదు. మండిలో గంప కొనువాడు పైవరుస పండ్లను మాత్రమే నొక్కి చూచినచో మోసపోవును. గనినుండి వచ్చిన ఖనిజపు రాశియు నిట్టిదే. కుప్ప పోయునపుడు పెద్దగడ్డలు దొర్లి అంచులకు జేరును. పొడి నడుమ నిలుచును. ఒక్కచోట పారతో దీసిన దానినే పరీక్షించి, ఇనుము పాలింతయని నిర్ణయించినచో, అమ్మువాడో కొనువాడో లక్షల రూపాయలు నష్టపోవును. కొంచెమును జూచి మొత్తము నెట్లు తెలిసికొనవలెను? ఈ ప్రశ్నకు జీవితమును ధారవోసిన మహనీయుడు మహలనోబిస్.

ఆయన 1893 జూన్ 29న కలకత్తాలో జన్మించెను. కేంబ్రిడ్జిలో చదివినది భౌతికశాస్త్రము. 1915లో స్వదేశమునకు మరలునపుడు యుద్ధమువలన ఓడ ఆలస్యమాయెను. ఆ విరామమున 'బయోమెట్రికా' యను గణాంకశాస్త్ర పత్రిక ఆయన కంటబడెను. సంపుటములన్నియు కొని, ఓడలోనే చదువ నారంభించెను. 1931లో కలకత్తాయందు భారత గణాంకశాస్త్ర సంస్థను స్థాపించెను.

1937లో వంగదేశమున జనపనార పంట విస్తీర్ణమును లెక్కించు పని ఆయన చేపట్టెను. ప్రతి పొలమును కొలుచుటకు మారుగా, చీట్లు తీసినట్లు యాదృచ్ఛికముగా కొన్ని చోట్లను ఎన్నుకొని కొలిపించెను. ఇంత కొంచెము చూచి దేశమంతటి లెక్క చెప్పుట పెక్కురు అధికారులకు నమ్మశక్యము కాలేదు. ఆయన వారిని మాటలతో గాక పద్ధతితో ఒప్పింపజూచెను. ఒకే ప్రాంతమునకు ఇరువురు పరిశీలకులను వేరువేరుగా పంపెను. ఒకరి లెక్క మరియొకరికి తెలియదు. రెండును సరిపోలినచో నమ్మదగును. పోలనిచో ఎక్కడనో దోషమున్నది. చెట్టునీడన గూర్చుండి వ్రాసిన లెక్క ఇందు దొరకిపోవును! పిమ్మట జరిగిన సర్వేలలో, సంపూర్ణ గణన కంటె మిక్కిలి తక్కువ వ్యయముతోనే ఇంకను సరియైన ఫలితములు లభించెను.

ఖనిజపు మాదిరులకును ఇట్టి పరీక్షయే కలదు. కదలుచున్న పట్టీమీదినుండి నియమిత కాలమున కొకసారి ఖనిజము దీసి, బేసి వంతులను ఒక సంచిలోను, సరి వంతులను వేరొక సంచిలోను వేసి, రెంటిని విడివిడిగా పరీక్షింతురు. రెండు ఫలితముల భేదమే ఆ పనియందలి దోషమెంతయో తెలుపును. దోషమును సగము చేయవలెనన్న మాదిరులను నాలుగురెట్లు తీయవలయును. కావున ఎన్ని తీయవలెనో ముందే లెక్కించుట లాభకరము.

ఆంధ్ర విశ్వవిద్యాలయమున గణితము చదివిన తెలుగువాడు సి. ఆర్. రావు 1941లో ఈ సంస్థలో జేరి, ప్రపంచఖ్యాతి గాంచెను. సీతాఫల్‌మండికి సమీపమున హబ్సిగూడలోను ఈ సంస్థకు శాఖ కలదు. 1950లో ప్రారంభమైన జాతీయ నమూనా సర్వేకు మహలనోబిసే మూలపురుషుడు. మరునాడు డెబ్బదితొమ్మిదవ జన్మదినము కావలసియుండగా, 1972 జూన్ 28న ఆయన పరమపదించెను. 2007 నుండి జూన్ 29ని జాతీయ గణాంక దినోత్సవముగా జరుపుచున్నారు.