సంతకం తీసిన ప్రాణం

కాగితంలో ఏముందో మనకు తెలీదు. చూపించిన చోట సంతకం పెట్టేస్తాం. పరాయి దేశానికి పనికొచ్చిన మనలో చాలామందికి ఇది అలవాటే. ఆ అలవాటు ఎంతదాకా తీసుకెళ్తుందో తిమోతీ ఎవాన్స్ జీవితం చెబుతుంది.

ఎవాన్స్ 1924లో బ్రిటన్‌లోని వేల్స్‌లో, బొగ్గుగనుల ప్రాంతంలో పుట్టాడు. చిన్నప్పుడు కాలిపుండు వల్ల బడి సరిగా సాగలేదు. పేరు రాసుకోవడం తప్ప చదువు పెద్దగా రాలేదు. లండన్‌లో వ్యాను డ్రైవరుగా చేస్తూ, భార్య బెరిల్‌తో రిల్లింగ్టన్ ప్లేస్‌లోని 10వ నంబరు ఇంట్లో పైవాటాలో అద్దెకుండేవాడు. 1948లో వాళ్లకు కూతురు పుట్టింది.

1949 నవంబరులో అతనే వేల్స్‌లో పోలీస్ స్టేషన్‌కు వెళ్లి భార్య చనిపోయిందని చెప్పాడు. మొదట ఒక మాట, తర్వాత ఇంకో మాట. కిందివాటాలో ఉండే క్రిస్టీ గర్భం తీయబోతే చనిపోయిందన్నాడు. డిసెంబరు 2న ఆ ఇంటి వెనక గదిలో తల్లీబిడ్డల శవాలు దొరికాయి. అదే రాత్రి అతన్ని లండన్ తెచ్చారు. ఇద్దరినీ గొంతు బిగించి చంపారని చెప్పి, వాళ్ల బట్టలు ముందు పెట్టారు. నువ్వే చేశావా అంటే అవునన్నాడు. పోలీసులు రాశారు, చదివి వినిపించారు, అతను సంతకం చేశాడు.

బిడ్డ కూడా పోయిందని తెలిసి కుప్పకూలానని, కొడతారేమోనని భయపడి ఒప్పుకున్నానని కోర్టులో మొత్తుకున్నాడు. ఎవరూ నమ్మలేదు. క్రిస్టీయే ముఖ్య సాక్షి అయ్యాడు. 1950 మార్చి 9న, పాతికేళ్ల వయసులో, కూతురిని చంపాడన్న నేరానికి ఎవాన్స్‌ను ఉరితీశారు.

మూడేళ్లకు అదే ఇంట్లో, పెరట్లో మరో ఆరుగురు ఆడవాళ్ల అవశేషాలు బయటపడ్డాయి. బెరిల్‌నూ తానే చంపానని క్రిస్టీ చెప్పాడు. 1953లో అతన్నీ ఉరితీశారు. 1966లో ఎవాన్స్‌కు క్షమాభిక్ష వచ్చింది. తీసుకోడానికి మనిషి లేడు. బ్రిటన్‌లో ఉరిశిక్ష పోవడానికి ఈ కేసూ ఒక కారణమైంది.

మన దేశంలో పోలీసుల ముందు నేరం ఒప్పుకున్నా మామూలుగా అది సాక్ష్యంగా చెల్లదు. అన్ని దేశాల్లో అలా ఉండదు. అందుకే, ఎప్పుడైనా స్టేషన్ మెట్లెక్కాల్సి వస్తే తెలుగు తెలిసిన దుబాషీని అడుగుదాం. అరెస్టు చేస్తే మన ఎంబసీకి కబురు పంపమని కోరుదాం. అది 1963 నాటి వియన్నా ఒప్పందం ఇచ్చిన హక్కు. అర్థంకాని కాగితం మీద మాత్రం సంతకం పెట్టొద్దు.