వంద పూసల జపమాల: పండిట్ నైన్ సింగ్ రావత్ జీవితం

బళ్ళో చదువుకునే రోజుల్లో మ్యాపు పాయింటింగు అంటే మనలో చాలామందికి భయం. బ్రహ్మపుత్ర ఎక్కడ పుట్టి ఎటు తిరిగిందో గీయమంటే చేతికొచ్చిన వంకర గీసేసి మార్కులు దేవుడికి వదిలేసేవాళ్ళం. ఆ వంకరను కాగితం మీదకు ఎక్కించడానికి ఒక బడిపంతులు తన కాళ్ళతో టిబెట్టును కొలవవలసి వచ్చిందని ఆనాడు మనకెవరూ చెప్పలేదు. ఆ పంతులే నైన్ సింగ్ రావత్.

ఆయన 1830లో కుమావూఁ కొండల్లో, జోహార్ లోయలోని మిలం గ్రామంలో పుట్టాడు. మిలం పదకొండు వేల అడుగుల ఎత్తుకు పైన, హిమానీనదం పక్కన ఉన్న ఊరు. చలికాలం వస్తే ఊరు ఊరంతా కిందికి దిగిపోవలసిందే. అక్కడివాళ్ళకు సేద్యం కంటే వర్తకమే ఆధారం. ధాన్యం, బట్ట, బెల్లం గొర్రెల మీద, మేకల మీద వేసుకుని కనుమలు దాటి టిబెట్టుకు పోవడం, ఉప్పు, ఉన్ని, టంకణం తెచ్చుకోవడం. అందుచేత జోహారీ పిల్లలకు టిబెట్టు భాష, అక్కడి మర్యాదలు ఇంట్లోనే వచ్చేసేవి. నైన్ సింగ్ కూడా తండ్రి అమర్ సింగ్ వెంట ఆ దారులు తొక్కినవాడే. అయితే వర్తకం ఆయనకు అచ్చిరాలేదు, అప్పులే మిగిలాయి.

1855లో ష్లాగింట్‌వైట్ సోదరులనే జర్మన్ శాస్త్రజ్ఞులు హిమాలయ పరిశోధనకు వచ్చి మనుషులు కావాలన్నప్పుడు, తన వరుస అన్న మణి సింగ్‌తోపాటు నైన్ సింగ్ చేరాడు. దిక్సూచి చూడటం, ఎత్తులు కట్టడం మొదట వాళ్ళ దగ్గరే నేర్చాడు. ఆ సోదరుల్లో అడాల్ఫ్ 1857లో కాష్గర్‌లో గూఢచారి అన్న అనుమానంతో తల నరికించుకున్నాడు. ఈ పనిలో ప్రాణాపాయం ఎంతో నైన్ సింగ్‌కు ముందే తెలుసని చెప్పడానికి ఇదొక్కటి చాలు. తర్వాత సొంత ఊళ్ళో బడిపంతులయ్యాడు. మన పాఠశాలల్లో తెలుగు పండిట్ ఉన్నట్టే అక్కడ ఆయన పండిట్. ఆ పిలుపే చివరికి బిరుదై నిలిచింది.

ఇక్కడ సర్వే సంగతి కొంచెం చెప్పుకోవాలి. 1802లో మద్రాసు దగ్గర లాంబ్టన్ మొదలుపెట్టిన మహా త్రికోణమితి సర్వే మన గుత్తి ప్రాంతం మీదుగా ఉత్తరానికి పాకింది. ఎవరెస్ట్ దొర ఆ పనిలో లాంబ్టన్‌తో కలిసింది 1818లో, మన హైదరాబాదులోనే. 1860 నాటికి గొలుసులు, థియోడొలైట్లు కాశ్మీరు దాకా చేరాయి గాని అక్కడ ఆగిపోయాయి. టిబెట్టులోకి దొరలకు ప్రవేశం లేదు. లాసా అనే నగరం ఉందని లోకానికి తెలుసు, పటంలో దాని చోటు మాత్రం సరిగ్గా ఎవరికీ తెలియదు. కెప్టెన్ మాంట్‌గొమరీకి ఒక ఆలోచన తట్టింది. దొరలను రానివ్వకపోతేనేం, సరిహద్దు వర్తకులు రోజూ పోతూనే ఉన్నారు గదా! వాళ్ళకే సర్వే నేర్పితే సరి. 1863లో నైన్ సింగ్, మణి సింగ్ డెహ్రాడూన్‌లో శిక్షణకు కుదిరారు. జీతం నెలకు ఇరవై రూపాయలు.

ఆ శిక్షణ మన సివిల్ ఇంజనీరింగ్ మిత్రులు తప్పక వినవలసినది. ఎక్కుడైనా, దిగుడైనా, బురదైనా, మంచైనా ఒకే కొలత అంగ వేయడం ముందు నేర్పారు. సుమారు రెండు వేల అంగలు ఒక మైలు. లెక్క తప్పకుండా చేతిలో జపమాల ఇచ్చారు. జపమాలలో 108 పూసలుండాలి, దీన్లో వందే. వంద అంగలకొక పూస జార్చాలి. మాల ఒకసారి తిరిగిందంటే పదివేల అంగలు, అంటే అయిదు మైళ్ళు. బౌద్ధులు తిప్పే ప్రార్థన చక్రంలో మంత్రాల చుట్టకు బదులు తెల్ల కాగితాలు, వాటి మీద దిక్కులు, దూరాలు. పెట్టె అడుగున దొంగ అర, అందులో సెక్స్టెంట్. పాదరసం గవ్వల్లో నింపి మైనంతో మూసేశారు. రాత్రిపూట ఆ పాదరసం గిన్నెలో పోస్తే అద్దంలా నిలుస్తుంది. అందులో నక్షత్రం నీడ చూసి కోణం కొలిస్తే అక్షాంశం వచ్చేస్తుంది. ఎత్తు కట్టడానికి థర్మామీటరు. పైకి పోయేకొద్దీ నీళ్ళు తక్కువ వేడికే మరుగుతాయన్న సూత్రం అది. సుమారు వెయ్యి అడుగులకు ఒక సెంటీగ్రేడు డిగ్రీ తగ్గుతుంది. టీ కాచుకుంటున్నాడనుకున్నారు చూసినవాళ్ళు!

1865లో ఇద్దరూ నేపాలు దారిన బయలుదేరారు. కైరోంగ్ అనే సరిహద్దు ఠాణాలో అధికారులు అనుమానించి వెనక్కి తిప్పారు. మణి సింగ్ వేరే దారి పట్టాడు. నైన్ సింగ్ లదాఖీ వేషం కట్టి, పిలక జడ తగిలించుకుని మళ్ళీ వెళ్ళాడు. లాసా వైపు పోను, పోతే నా తల తీయండి అని హామీ ఇచ్చి మరీ దాటాడు. ఇది చిన్న విషయం కాదు. ఆ తర్వాత వేసిన ప్రతి అంగా ఆ మాటను కాలితో తొక్కుతూ వేసిందే. సాంగ్‌పో నది ఒడ్డు పట్టుకుని వర్తకుల బిడారుతో కలిసి షిగాట్సే చేరాడు. తాషిల్హున్‌పో మఠంలో పంచన్ లామా దర్శనానికి పోకపోతే అనుమానం వస్తుంది. పెద్ద లామాలు మనసులోది కనిపెడతారని చిన్నప్పట్నుంచీ విన్నవాడు గనుక భయపడుతూనే వెళ్ళాడు. చూస్తే పదకొండేళ్ళ బాలుడు! ఆ పిల్లవాడు కుశలప్రశ్నలు అడిగాడు, టీ ఇప్పించాడు, అంతే. అక్కణ్ణించి గ్యాంట్సే మీదుగా 1866 జనవరి 10న లాసా చేరుకున్నాడు.

లాసాలో మూడు నెలలకు పైగా ఉన్నాడు. చేతిలో డబ్బు అయిపోతే అక్కడి వర్తకులకు లెక్కలు రాసే పద్ధతి నేర్పి పొట్ట పోసుకున్నాడు. బడిపంతులుతనం ఎక్కడికి పోతుంది! ఇద్దరు కాశ్మీరీ ముస్లిం వర్తకులు మాత్రం ఈయన వాలకం పసిగట్టారు. నిజం చెప్పించారు, అయినా ఎవరికీ చెప్పలేదు. పైగా గడియారం కుదువ పెట్టుకుని అప్పు ఇచ్చారు. వాళ్ళు నోరు విప్పి ఉంటే కథ అక్కడితో సరి. ఒకనాడు అనుమతి లేకుండా వచ్చిన ఒక చైనావాడి తల బహిరంగంగా నరకడం నైన్ సింగ్ కళ్ళారా చూశాడు. మరోనాడు వీధిలో కైరోంగ్ అధికారి ఎదురుపడ్డాడు. ఆ మనిషికి ఇచ్చిన హామీ ఏమిటో మనం పైన చూశాం. ఆనాటి నుంచి బస మార్చి, బయట తిరగడం తగ్గించేశాడు. అయినా రాత్రిపూట నక్షత్రాలు చూడటం, నీళ్ళు మరగబెట్టడం మానలేదు. లాసా ఎత్తు సుమారు 11,700 అడుగులని కట్టాడు. నేటి లెక్క దాదాపు పన్నెండు వేలు. ఒక థర్మామీటరుతో, దొంగచాటుగా సాధించిన లెక్క ఇది.

ఏప్రిల్‌లో బయలుదేరి, సాంగ్‌పో పొడుగునా మానససరోవరం దాకా నడిచి, ఆ ఏడు అక్టోబరుకు డెహ్రాడూన్ చేరాడు. నడిచి కొలిచింది సుమారు 1,200 మైళ్ళు, అంటే పాతిక లక్షల అంగలు. 1867లో మళ్ళీ పశ్చిమ టిబెట్టులో పదహారు వేల అడుగుల ఎత్తున ఉన్న థోక్ జాలుంగ్ బంగారు గనులు చూసి వచ్చాడు.

ఆఖరి ప్రయాణం 1874 జూలైలో లేహ్ నుంచి. లామా వేషం, సామాను మోయడానికి ఇరవై ఆరు గొర్రెలు. గొర్రెలైతే దారిలో మేస్తాయి, అవసరమైతే ఆహారమూ అవుతాయి. లాసా చేరేసరికి మిగిలినవి నాలుగో అయిదో. అక్కడ లేహ్ వర్తకుడొకడు గుర్తుపట్టేయడంతో రెండు రోజులకే ఊరు విడిచాడు. ఉత్తరానికి పోతున్నట్టు కనిపించి చాటుగా ఆగ్నేయానికి తిరిగి, తావాంగ్‌లో దాదాపు రెండు నెలలు నిలువరింపబడి, 1875 మార్చి 1న అస్సాంలోని ఉదల్‌గురి చేరాడు. ఈ దఫా 1,300 మైళ్ళకు పైగా. అప్పటికి ఆరోగ్యం పాడై, కంటిచూపు దెబ్బతింది. మంచు మీద ఎండ, నక్షత్రాల కొలతలు రెండూ కలిసి తీసిన కళ్ళు అవి.

ఇన్నేళ్ళూ సర్వే నివేదికల్లో ఆయన పేరు లేదు. 'పండిట్' అని మాత్రమే ఉండేది. గోప్యత అవసరమే, కాదనం. కాని 1868లో లండన్ రాయల్ జియోగ్రఫికల్ సొసైటీ బంగారు గడియారం ఇచ్చిననాటికీ, 1877లో బంగారు పతకం ఇచ్చిననాటికీ మధ్య తొమ్మిదేళ్ళు గడిచాయి. మొదటి ప్రయాణంలో కైరోంగ్ దగ్గరే ఆయన తల పోయి ఉంటే మన చరిత్రలో ఒక పేరులేని ఉద్యోగిగా మిగిలేవాడు. ప్రభుత్వం సి.ఐ.ఇ. బిరుదు, రోహిల్‌ఖండ్‌లో భూమి ఇచ్చింది. ఆయన కొత్తవాళ్ళకు శిక్షణ ఇచ్చాడు. ఆయన బంధువు కిషన్ సింగ్ కూడా గొప్ప యాత్రికుడయ్యాడు.

ఇక మనం మొగమాటం లేకుండా అడగవలసిన ప్రశ్న ఒకటుంది. ఈ పటం ఎవరికి పనికొచ్చింది? 1903-04లో యంగ్‌హస్బెండ్ సైన్యంతో టిబెట్టులోకి చొరబడ్డాడు. గురు దగ్గర వందలమంది టిబెట్టువాళ్ళను తుపాకులతో కాల్చి, గ్యాంట్సే నుంచి లాసాకు నడిచాడు. గ్యాంట్సే నుంచి లాసాకు దారి మొదట పూసలతో లెక్కపెట్టింది మన పంతులే. తిండి పెట్టినవాళ్ళు, టీ ఇచ్చిన బాలలామా, నోరు మెదపని కాశ్మీరీలు, వీళ్ళందరి నమ్మకం ఆ లెక్కలో కలిసే ఉంది. కొందరు మిత్రులు ఆయన్ను సామ్రాజ్యవాదుల గూఢచారి అని తోసేస్తారు. మరికొందరు వీరుడని దండ వేసి ఊరుకుంటారు. నాకు రెండూ తొందరపాటుగానే తోస్తాయి. అప్పులవాళ్ళ బాధ పడిన ఒక కొండవాసికి ఇరవై రూపాయల జీతం ఏమిటో, తెలివికి తగిన పని దొరకడం ఏమిటో మనం మరిచిపోకూడదు. అలాగే ఆ తెలివి ఎవరి ఖజానాలో జమ అయిందో కూడా మరవకూడదు. ఉద్యోగాల కోసం దరఖాస్తులు రాస్తున్న మన తరానికి ఈ చిక్కు కొత్తదేమీ కాదు.

1962 యుద్ధంతో జోహార్ కనుమల వర్తకం ఆగిపోయి, మిలంలో ఇళ్ళు చాలావరకు పాడుబడ్డాయి. 2004లో భారత తపాలా శాఖ మహా త్రికోణమితి సర్వే స్మారకంగా బిళ్ళలు వేసినప్పుడు, ఎవరెస్టు ఎత్తు లెక్కల్లో పాలుపంచుకున్న రాధానాథ్ సిక్దర్‌తోపాటు నైన్ సింగ్ బొమ్మకూ చోటిచ్చింది.