వీధిలో పాడిన పిల్ల రాషెల్

ఈ నెల గోడపత్రికలో గొప్పవారి జీవితం రాసే వంతు నాకు వచ్చింది. నేను ఫ్రాన్సు దేశపు నాటకాల నటి రాషెల్ గురించి రాస్తున్నాను. ఎందుకో చివర చెప్తాను.

రాషెల్ అసలు పేరు ఎలీజా ఫెలిక్స్. 1821 ఫిబ్రవరిలో స్విట్జర్లాండ్‌లోని ముంఫ్ అనే చిన్న ఊరిలో, ఒక సత్రంలో పుట్టింది. వాళ్ళ అమ్మానాన్నలు మన సంతకు మూటలు మోసుకొచ్చే వాళ్ళలాగ ఊరూరా తిరిగి సామాన్లు అమ్ముకునేవాళ్ళు. దారిలోనే కాన్పు అయ్యింది. వాళ్ళు యూదులు. ఆరుగురు పిల్లలు, అందులో ఐదుగురు ఆడపిల్లలే.

తర్వాత వాళ్ళు ఫ్రాన్సులో లియాన్ పట్టణానికి, అక్కడినుంచి పారిస్‌కు వచ్చారు. రాషెల్, అక్క సారా వీధుల్లో పాటలు పాడి డబ్బులు అడిగేవారు. షొరాన్ అనే సంగీతం మాస్టారు వాళ్ళను తన బడిలో చేర్చుకున్నారు. కానీ రాషెల్ గొంతు పాటకు సరిపడలేదు. అందుకని నాటకం నేర్చుకొనుటకు పంపించారు. చిన్నప్పుడు సరిగ్గా చదువుకోలేదు కాబట్టి ఆమె ఉత్తరాల్లో చాలా తప్పులు ఉండేవి. అయినా నాటకంలోని పెద్ద పెద్ద పద్యాలు కంఠస్థం చేసింది.

1838 జూన్ 12న కొమెడీ ఫ్రాన్సేజ్ అనే పెద్ద నాటకశాలలో మొదటిసారి నటించింది. అప్పుడు ఆమెకు 17 ఏళ్ళు. కొర్నెయ్ అనే కవి రాసిన ఒరాస్ నాటకంలో కమిల్ వేషం. తను పెళ్ళాడబోయేవాణ్ణి సొంత అన్నే యుద్ధంలో చంపితే, కమిల్ ఏడ్చి తన దేశాన్నే శపిస్తుంది. ఆ రోజుల్లో నటులు చేతులు బాగా ఊపుతూ గట్టిగా అరిచేవాళ్ళంట. రాషెల్ సన్నగా, చిన్నగా ఉండేది. ఎక్కువ కదలకుండా నిలబడి, గొంతు తగ్గించి చెప్పింది. ఎండాకాలం కదా, మొదట్లో జనం పెద్దగా రాలేదు. తర్వాత జూల్ జానెన్ అనే ఆయన పత్రికలో ఆమెను మెచ్చుకొని రాశారు. కొన్ని నెలలకే టిక్కెట్లు దొరకలేదు. జనం మరచిపోతున్న పాత నాటకాలు ఆమె వల్ల మళ్ళీ బతికాయి. 1843లో రాసీన్ రాసిన ఫెడ్రా వేషం వేసి ఇంకా గొప్ప పేరు తెచ్చుకుంది.

ఇక్కడ ముఖ్యమైన మాట ఏమిటంటే, రాషెల్ ఒక్కతే పైకి రాలేదు. సారా, రెబెకా, లియా, దీనా, తమ్ముడు రఫాయెల్ అందరూ నాటకాల్లోకి వచ్చారు. కళాకారుల ఇంట్లో ఆమె పుట్టలేదు. ఆమె వల్లనే ఆ ఇల్లు కళాకారుల ఇల్లు అయ్యింది. వీళ్ళకు డబ్బాశ అని, యూదులని కొందరు ఎగతాళి చేశారు. అయినా ఆమె తన మతం వదలలేదు, తనవాళ్ళను వదలలేదు.

1854లో చెల్లి రెబెకా క్షయతో చనిపోయింది. రాషెల్‌కు కూడా అదే జబ్బు. అయినా 1855లో తమ్ముణ్ణి, అక్కచెల్లెళ్ళను వెంటబెట్టుకొని అమెరికా వెళ్ళింది. అక్కడ జబ్బు ముదిరింది. ఆ డిసెంబరులో చార్లెస్టన్ ఊరిలో చివరిసారి నటించింది. వేడి గాలికి నయమవుతుందని ఈజిప్టు కూడా వెళ్ళింది, కానీ తగ్గలేదు. 1858 జనవరి 3న ఫ్రాన్సులో లె కానె అనే ఊరిలో చనిపోయింది. 36 ఏళ్ళే. అప్పుడు క్షయకు మందు లేదు. ఇప్పుడు ప్రభుత్వ ఆసుపత్రిలో ఉచితంగా ఇస్తారు. కాబట్టి రెండు వారాలు దగ్గు ఉంటే ఎవ్వరూ దాచొద్దు.

ఇప్పుడు ఎందుకు రాశానో చెప్తాను. మా ఇంట్లో తెలుగు మాట్లాడరు. నేను పాఠం చదివితే గొంతు వినపడదని, మాట తేడాగా ఉందని కొందరు నవ్వుతారు. పోయిన సంవత్సరం నాటకంలో వేషం ఇస్తే భయపడి వద్దన్నాను. మా ఇంట్లో బడికి వచ్చిన మొదటిదాన్ని నేనే. మా చెల్లి ఇంకా మేకలు కాస్తోంది. రాషెల్ కథ చదివిన రోజు రాత్రి నాకు చెల్లే గుర్తొచ్చింది. ఈసారి వార్షికోత్సవం నాటకానికి నా పేరు ఇచ్చాను. సెలవులకు ఇంటికి పోయినప్పుడు చెల్లిని బడికి పంపమని మా నాన్నను అడుగుతాను. వార్డెన్ మేడమ్ గారూ, దానికి మన హాస్టల్లో సీటు ఇప్పించండి.

తప్పులుంటే క్షమించగలరు.

ఇట్లు,
మీ తోటి విద్యార్థిని, 9వ తరగతి