పర్వతములఁ గొలిచిన మహనీయుఁడు: అలెగ్జాండరు హంబోల్టు

వేసవికాలమున మైదానములందుండువారు ఎండకుఁ దాళఁజాలక కొండలమీఁదికిఁ బోవుదురు. ఒక్క దినపు ప్రయాణముతోనే వారికి వేఱొక ఋతువు దొరకును. సూర్యుఁ డొక్కఁడే, దేశ మొక్కటే. అయినను క్రింద నిప్పులు చెరుగుచుండఁగా మీఁదఁ జలి వేయుచుండును. ఈ సంగతి యెల్లరు నెఱిఁగినదే. కాని దీనిని కొలిచి, లెక్క వ్రాసి, భూమండలమున కంతకును వర్తించు శాస్త్రముగాఁ గూర్చినవారిలో నగ్రగణ్యుఁడు జర్మనీదేశస్థుఁడగు అలెగ్జాండరు హంబోల్టు.

ఇతఁడు 1769వ సంవత్సరము సెప్టెంబరు 14వ తేదీన బెర్లిను నగరమున సంపన్నకుటుంబమున జన్మించెను. తొమ్మిదేండ్ల ప్రాయముననే తండ్రి గతించెను. అన్నయగు విల్‌హెల్ము గ్రంథపఠనమునందు మునిఁగి యుండఁగా, తమ్ముఁడు ఆకులును పురుగులును ఱాళ్లును ప్రోగుచేయుచుఁ దోఁటలలోఁ దిరుగుచుండెడివాఁడు. కుమారుఁడు రాజోద్యోగి కావలయునని తల్లి కోరిక. ఆమె మాట జవదాఁటక యాతఁడు గనులశాస్త్ర మభ్యసించి, 1792లో గనుల పరీక్షాధికారియయ్యెను. భూగర్భమునఁ బనిచేయువారి కష్టములఁ గన్నులారఁ జూచి, వారి ప్రాణరక్షణకై దీపములను, శ్వాససాధనములను గల్పించెను. తన సొంత ధనముతో వారికొక పాఠశాలను నెలకొల్పెను. 1796లోఁ దల్లి మరణింపఁగా గొప్ప యాస్తి యాతనికి సంక్రమించెను. ఆ ధనముతో భోగములనుభవించుటకు మాఱుగా నాతఁ డుద్యోగమును విడిచి, దూరదేశయాత్రకు సన్నద్ధుఁడయ్యెను.

స్పెయిను రాజగు నాలుగవ చార్లెసు అనుమతిని బడసి, ఐమే బోన్‌ప్లాన్ అను వృక్షశాస్త్రజ్ఞుఁడు తోడుగా, 1799 జూన్ మాసమున నోడయెక్కెను. త్రోవలోఁ దెనెరీఫు ద్వీపమందలి టెయిదె యను నగ్నిపర్వతము నెక్కుచు, ఎత్తు పెరిఁగినకొలఁది వృక్షజాతులు పొరలుపొరలుగా మాఱుట గమనించెను. ఆతని జీవితకార్యమున కిది యంకురమయ్యెను. దక్షిణ అమెరికాలోని కుమనా పట్టణమున దిగిన పిదప, నచ్చట మనుష్యులను బశువులవలె విక్రయించుటను జూచి మిక్కిలి రోసి, మరణపర్యంతము దాస్యమునకు విరోధియై నిలిచెను.

1800లో వాలెన్సియా సరస్సును జేరఁగా, నచ్చటి కాపులు సరస్సు నానాఁటికి నెండిపోవుచున్నదని దిగులుపడుచుండిరి. అడుగున రహస్యబిలమేదో యున్నదని కొందఱూహించిరి. హంబోల్టు చుట్టునున్న కొండలను బరికించి, కారణమును వేఱుగా నిర్ణయించెను. కొండలమీఁది యడవులను నఱకివేయుటచే నూటలు క్షీణించినవనియు, వానలు కురిసినప్పుడు నీరు నేలలో నింకక, మన్నును గోసికొనుచు వఱదయై పాఱుచున్నదనియు, పైరులకై వాఁగులను మళ్లించుటచే సరస్సునకు రాఁబడి తగ్గినదనియు వివరించెను. కొండ తన యాచ్ఛాదనమును గోల్పోయినచో దిగువనున్న పల్లెయొక్క జలమును, శీతోష్ణస్థితియుఁ జెడునని యంత స్పష్టముగాఁ జెప్పినవా రప్పటి కరుదు.

1802 జూన్ 23వ తేదీన నాతఁడు చింబొరాజో పర్వతము నెక్కఁ బూనెను. దాని యెత్తు 6,263 మీటర్లు. ఆ కాలమున లోకములోనెల్ల నదియే యున్నతమైనదని పలువురి తలంపు. బోన్‌ప్లానును, కార్లోస్ మోంతూఫారును, ఒక స్థానికుఁడును వెంట వచ్చిరి; తక్కిన కూలివాండ్రు మంచు మొదలుకాఁగానే వెనుదిరిగిరి. ఇఱుకైన శిలాశిఖరముమీఁదఁ జేతులతోఁ బాఁకుచుఁ బోయిరి. ఊపిరి యాడదయ్యెను, తల తిరిగెను, చిగుళ్లనుండి నెత్తురు కాఱెను. అయినను నడుమ నడుమ నాఁగి, భారమితితో నెత్తును, ఉష్ణమాపకముతో వేఁడిమిని గుర్తించుట మానలేదు. ఆతని లెక్క ప్రకారము సుమారు 5,900 మీటర్ల యెత్తున నొక పెద్ద యగాధ మడ్డుపడఁగా, శిఖరమును జేరకయే మరలిరి.

శిఖరము దక్కకున్నను శాస్త్రము దక్కెను. ఆతఁడు పర్వతచిత్రమునొకదానిని గల్పించి, 1807లోఁ బ్రకటించెను. దానియందుఁ బర్వతపాదమునఁ దాళజాతులును అరఁటిజాతులును, పైని సింకోనా వృక్షములును, అంతకుఁ బైని గడ్డిమేఖలయు, ఆపై ఱాతినంటిన పాఁచియు, అన్నిటికిఁ బైని నిత్యహిమమును వరుసగాఁ జూపఁబడినవి. భూమధ్యరేఖ సమీపమున నొక్క కొండ నెక్కుట, ఆ రేఖనుండి ధ్రువమువఱకుఁ బయనించుటవంటిదని యాచిత్రము తెలుపుచున్నది. దీనికిఁ గారణ మేమనఁగా, సూర్యకిరణములు ముందుగా నేలను వేఁడిచేయును. నేల గాలిని వేఁడిచేయును. ఆ గాలి పైకెగసి, పైని నొత్తిడి తక్కువగుటచే వ్యాకోచించి చల్లబడును. ప్రతి వేయి మీటర్లకు సుమారు ఆఱున్నర సెంటిగ్రేడు డిగ్రీలు తగ్గును.

1804లో నాతఁ డైరోపాకు మరలివచ్చెను. 1817లో 58 స్థలముల లెక్కలను గూర్చి, సమానోష్ణముగల తావులను గలుపు సమోష్ణరేఖలను మొదట గీసిచూపెను. ఆ రేఖలు అక్షాంశములవలెఁ దిన్నగాఁ బోక వంకరలు తిరిగెను. ఎత్తు, సముద్రసామీప్యము, ప్రవాహములు, గాలులు, పర్వతముల నడక, ఇవి యన్నియుఁ గలసి దేశముయొక్క శీతోష్ణస్థితిని నిర్ణయించునని దీనిచేఁ దేటపడెను.

మన హిమాలయములను జూడవలెనని యాతని కెంతయో కోరిక. పలుమాఱులు లండనుకుఁ బోయి ప్రయత్నించినను, ఈస్టిండియా కంపెనీవారి యనుమతి లభింపనేలేదు. అయినను ఇతరులు కొలిచిన లెక్కలనుబట్టి, దక్షిణపుఁ జరియలకంటె నుత్తరమున టిబెట్టువైపు హిమరేఖ యెక్కువ యెత్తున నున్న వింతను వివరించెను. నైరృతిగాలి తెచ్చిన తేమ యంతయు దక్షిణపువైపుననే కురిసిపోవును. ఆవలివైపున మంచు స్వల్పము, గాలి పొడి, ఎత్తైన పీఠభూమి యెండకుఁ గాఁగును. 1829లోఁ దన యఱువదవ యేఁట రష్యామీఁదుగా ఆల్టాయి పర్వతములవఱకుఁ బోయి, 1843లోఁ బ్రకటించిన మధ్యాసియా గ్రంథమున, అడవులను నఱకుటచేతను, నీటిని మళ్లించుటచేతను, పరిశ్రమస్థానములనుండి యావిరులను వాయువులను విడుచుటచేతను మనుష్యుఁడు శీతోష్ణస్థితిని మార్చుచున్నాఁడని వ్రాసెను.

బెర్లినులో 1827, 1828 సంవత్సరములలో నాతఁ డుచితముగా నిచ్చిన యుపన్యాసములకు రాజకుటుంబమువారును, కూలివారును, స్త్రీలును నొక్కచోఁ గూడిరి. యాత్రలకును, గ్రంథముద్రణమునకును ఆస్తియంతయు వ్యయమైపోయెను. 1859 మే 6వ తేదీన, 89 ఏండ్ల వయసున నాతఁడు పరమపదించెను.

ఆతని చిత్రము నేఁడును బనికివచ్చుచున్నది. 2012లోఁ గొందఱు శాస్త్రజ్ఞులు చింబొరాజో నెక్కి, సస్యములు 210 సంవత్సరములలో 500 మీటర్లకుఁ బైగా పైకి జరిగినవని 2015లోఁ బ్రకటించిరి. 2019లో మఱికొందఱు పాత వ్రాఁతలను శోధించి, పై మేఖలల లెక్కలలోఁ బెక్కు అంతిసానా యను వేఱొక పర్వతమునఁ దీసినవని కనుఁగొని, అచ్చటి జరుగుదల 215 మొదలు 266 మీటర్లవఱకని సవరించిరి. లెక్క మాఱినను దిక్కు మాఱలేదు. భూమి వేఁడెక్కుచున్నది, చలినేల నాశ్రయించిన మొక్కలు పైకిఁ బోవుచున్నవి. శిఖరమునకుఁ జేరిన మొక్కకు ఆపైని దావు లేదు. కరఁగిపోయిన హిమానీనదమునుండి దిగువపల్లెకు నీరు రాదు.

విద్యార్థులారా, ఊపిరి యాడని చోటఁ గూడ నాతఁడు నిజాయితీతో వ్రాసియుంచిన యంకెలే లేకున్నచో, ఈ మార్పు నింత దూరము వెనుకకుఁ జూచి కొలుచుటకు మన కాధార మేది? శిఖరమునుజేరుట యందఱకు సాధ్యము కాకపోవచ్చును. చూచినదానిని జూచినట్లు వ్రాసిపెట్టుట మనలోఁ బ్రతివానికి సాధ్యమే. అది రాఁబోవు తరములకు మన మీయఁదగిన ధనము.