స్త్రీల ఓటుహక్కుకై పాటుపడిన మార్గరెట్ కజిన్స్

ఎన్నికలనాడు స్త్రీలు బారులు తీరి ఓటు వేయడం నేడు మనకు సహజమైన దృశ్యం. ఆ హక్కు వెనుక మద్రాసు నగరంలో రూపుదిద్దుకొన్న ఒక విన్నపం ఉన్నదని, అది తొలుత బాలికల చదువు కొరకు ఉద్దేశింపబడినదని ఎరిగినవారు కొద్దిమందే. ఆ విన్నపాన్ని తలపెట్టిన విదుషీమణి మార్గరెట్ కజిన్స్.

ఆమె 1878లో ఐర్లండులోని బాయిల్ పట్టణంలో జన్మించారు. డబ్లిన్‌లో సంగీతశాస్త్ర పట్టభద్రురాలై, 1903లో కవి జేమ్స్ కజిన్స్‌ను వివాహమాడారు. 1908లో ఐర్లండు మహిళల ఓటుహక్కు సంస్థను స్థాపించినవారిలో ఆమె ఒకరు. ఆ ఉద్యమంలో 1910లో లండనులోను, 1913లో స్వదేశంలోను కారాగారవాసం అనుభవించారు.

1915లో ఆ దంపతులు భారతదేశానికి వచ్చారు. 1917లో అడయారులో భారత మహిళా సంఘం స్థాపనకు ఆమె ముఖ్య కారకులైనారు. ఆ యేడే భారత వ్యవహారాల మంత్రి మాంటేగు పరిపాలనా సంస్కరణల విషయమై రాగా, బాలికా విద్యను గురించి విన్నవించుకొనుటకు ఆమె అనుమతి కోరారు. రాజకీయ విషయాలు మాత్రమే వింటామని జవాబు వచ్చింది. ఆమె వెనుకాడక, పురుషులతో పాటు స్త్రీలకూ ఓటు ఉండాలన్న కోరికను విన్నపంలో చేర్చారు. డిసెంబరు 18న సరోజినీ నాయుడు నాయకత్వాన మహిళా ప్రతినిధివర్గం మాంటేగును మద్రాసులో కలసికొన్నది.

1919 చట్టం ఈ నిర్ణయాన్ని రాష్ట్రాల శాసనమండలులకు విడిచిపెట్టింది. 1921లో బ్రిటిషు ఇండియా రాష్ట్రాలన్నిటికంటె ముందుగా మద్రాసు స్త్రీలకు ఓటు నిచ్చింది. అది ఆస్తి మొదలైన అర్హతలు గల కొద్దిమందికే దక్కింది. వయోజనులందరికీ ఆ హక్కు లభించుటకు 1950 నాటి రాజ్యాంగం రావలసి వచ్చింది.

తెలుగునాటితో ఆమెకు చక్కని అనుబంధం ఉన్నది. 1919లో రవీంద్రులు మదనపల్లెలో విడిది చేసినప్పుడు, జనగణమన గీతానికి స్వరలిపి కూర్చినది ఆమెయే.

దేశంలో తొలి మహిళా మేజిస్ట్రేటుగా కూడా ఆమె పేరు పొందారు. 1927లో పూనాలో జరిగిన అఖిల భారత మహిళా సభ తొలి సమావేశం ఆమె పూనిక ఫలమే. పదేండ్ల క్రితం మంత్రి వినడానికి అంగీకరించని విద్యా విషయమే ఆ సభకు ప్రధానాంశమైనది. 1932లో ప్రభుత్వ నిర్బంధ శాసనాలను ఖండిస్తూ ప్రసంగించి వేలూరు చెరసాలకు వెళ్లారు. 1954 మార్చి 11న అడయారులో కన్నుమూశారు.

చదువు కోరబోయి ఓటు కోరిన ఆమె, ఆ రెంటినీ ఏనాడూ వేరుచేసి చూడలేదు. మన పాఠశాల ప్లాటినం జూబిలీ జరుపుకొంటున్న ఈ శుభవేళ తల్లిదండ్రులకు, పూర్వ విద్యార్థినులకు నా మనవి ఒక్కటే. ఆడపిల్ల చదువును నడుమ ఆపకండి. ఓటు నాడు ఆమెను తన బుద్ధితో నిర్ణయించుకోనివ్వండి.